కోడలి ఆకలి

కోడలు సారక్కకు ఏడో నెల వచ్చినప్పటి నుంచీ సత్తవ్వకు కంటి మీద కునుకు లేదు. సొంత బిడ్డ లచ్చవ్వ మొదటి కాన్పులోనే కన్నుమూసింది. "బాగ తినవెడితివి, కడుపుల పిల్ల పెద్దగైంది" అని వాడకట్టు ఆడవాళ్లు అన్న మాట ఆమె గుండెలో ముల్లులా ఉండిపోయింది. అందుకే ఈ పిల్లనైనా దక్కించుకోవాలని కోడలికి పూటకు ఒక్క ముద్దే పెట్టేది.

అంగన్‌వాడీలో కడుపుతో ఉన్నవాళ్లకు సర్కారు ఉప్మా పెడుతోందనీ, సారక్క రోజూ అక్కడికి పోతోందనీ తెలియగానే సత్తవ్వ పరుగున వెళ్లింది. "తినకు బిడ్డా" అని అరవబోయి గడపలోనే ఆగిపోయింది.

సారక్క గిన్నెకు అంటిన రవ్వను వేలితో తుడిచి నాకుతోంది. అత్తను చూసి గిన్నెను కొంగు చాటున దాచుకుంది.

"కోపం జెయ్యకు అత్తమ్మా. ఆకలి ఆగుతలేదు."

"నాకెందుకు చెప్పలేదే?"

"చెప్తే నువ్వు పరేషానయితవని..."

అంగన్‌వాడీ టీచరు మనోరమ నవ్వింది. "ఏం సత్తవ్వా, మా ఉప్మాతోని లొల్లి పెట్టుకుందామని వచ్చినవా? తింటెనే గదా కాన్పుకు బలముండేది!"

సత్తవ్వ కోడలి పక్కన కూలబడి, పుల్లలాంటి ఆ చేతిని పట్టుకుంది. భయం పోలేదు.

"జర ఇంకింత వెయ్యి టీచరమ్మా, నా బిడ్డకు కడుపు నిండలే" అంది. వేడి ఉప్మాను ఊదుతూ తానే తినిపించింది.