నీలి అట్టలు

రాజక్క చుట్టబట్ట సర్దుకుని తల వంచింది. బాలకిషన్ మేస్త్రి థర్మాకోల్ లాంటి నీలి అట్టల కట్ట ఎత్తి ఆమె నెత్తిన పెట్టాడు. చూడటానికి ఇంత లావున్నా మోస్తే దూదిమూటంత బరువు లేదు. ఇసుక, ఇటుక, తడి కాంక్రీటు మోసి మోసి మెడనరాలు తేలిన మనిషికి ఇలాంటి బరువు సెలవు దొరికినట్టే. ఆమె ఒక చేత్తో కట్ట పట్టుకుని, ఇంకో చేత్తో చీర కుచ్చెళ్లు ఎత్తిపట్టుకుని మెట్లెక్కింది.

కోరుట్ల చివర, మొన్నమొన్నటి దాకా పసుపు పండిన చేలో, ఒకే వరుసలో ఇళ్లు లేచాయి. ప్రతి ఇంటికీ స్లాబు ఆరగానే ఈ అట్టలు పైకెక్కేవి. రాజక్క వాటిని అంచుకు అంచు తగిలేలా, చాప పరిచినంత ముచ్చటగా పరిచేది. ఇంజనీరు వచ్చి, బూట్లలోనే అరికాళ్లు కాలుతుంటే గెంతుతూ నాలుగు ఫొటోలు తీసుకుని దిగిపోయేవాడు. ఆయన బండి మలుపు తిరిగిందో లేదో, అట్టలన్నీ కిందికి దిగి పక్కింటికి నడిచేవి.

ఇందులో రాజక్కకు వింత ఏమీ కనిపించలేదు. పాతికేళ్లుగా ఆమె చేసేది సెంట్రింగ్ పని. పలకలు, కట్టెలు, జాకీలు అన్నీ ఒక ఇంటికి బిగించి, స్లాబు గట్టిపడగానే ఊడదీసి ఇంకో ఇంటికి మోయడమే ఆ పని. ఇవీ అలాంటివే, స్లాబు ఎత్తుపల్లాలు చూసే సామాను కాబోలు అనుకుంది. మేస్త్రిని ఎన్నడూ అడగలేదు. అడిగితే చెప్పేవాడా అన్నది వేరే సంగతి.

ఆ వరుసలో మొదటి ఇల్లు ఆమె బిడ్డ శోభది. ఇల్లు తీసుకునే ముందు అల్లుడు నరేశ్ దుబాయి నుంచి ఫోన్ చేసి, మంచిగ కడుతున్నరా అత్తా అని అడిగాడు. తన చేతుల మీదే లేస్తోందని, కళ్లు మూసుకుని తీసుకోమని రాజక్క భరోసా ఇచ్చింది. ఆ మాట చెప్పేటప్పుడు ఆమె గొంతులో ఎంత గర్వమో! ఇళ్లు కట్టడమే తప్ప ఇంట్లో ఉండటం ఎరగని బతుకు మరి.

ఎండలు ముదరగానే సిరిసిల్ల నుంచి మొగుడు పోచయ్యను తీసుకొచ్చి ఆ ఇంట్లోనే పెట్టింది. పోచయ్య వయసంతా రేకుల షెడ్డులో మరమగ్గాల మధ్య గడిచిపోయింది. చెవులు సగం పోయాయి, నూలు దుమ్ముకు ఊపిరి సగమైంది. ఉన్న అద్దె గదీ రేకులదే. అలాంటివాడు మొదటిరోజు స్లాబు కింద నిలబడి, కొత్త కోడెను నిమిరినట్టు గోడను నిమిరాడు. రెండోరోజు నుంచే పేచీ మొదలుపెట్టాడు.

“రేకులు పొద్దూకితే సల్లవడుతయే,” అన్నాడు. “గిది నడిరాత్రి గూడ కాలుతనే ఉన్నది.”

రాజక్కకు చిర్రెత్తింది. జన్మంతా రేకుల కింద ఉడికినోనికి స్లాబు కింద ఉడకపోత వచ్చిందట అని శోభతో చెప్పి నవ్వింది. అయినా మనసాగక, విరిగిన నీలి అట్ట ముక్క ఒకటి పని నుంచి తెచ్చి విసురుకోమని ఇచ్చింది. బరువు లేదు, గాలి బాగా వస్తోందని సంబరపడి, పోచయ్య దాన్ని దిండు కిందే పెట్టుకున్నాడు.

ఈ పొద్దున ఆమె సద్ది కట్టుకుంటుంటే మంచం మీద లేచి కూర్చున్నాడు.

“నన్ను సిరిసిల్ల తోలియ్యే. ఆడనే ఉంట.”

“నేను మోసి కట్టిన ఇల్లు నీకు పనికస్తలేదా? పొద్దూకి అచ్చినంక సూద్దాం. పండుకో.”

శోభ చంటిదానికి టీకా వేయించడానికి జగిత్యాల బస్సెక్కింది. రాజక్క చెంబుతో నీళ్లు మంచం దగ్గర పెట్టి, వడగాలి కొట్టకుండా కిటికీలు మూసి, తలుపు దగ్గరకేసి పనికి వచ్చింది. పని ఎక్కడో కాదు, అదే వరుసలో చివరి ఇంటి మీద.

పదకొండు దాటాక కరెంటు పోయింది. ఇంట్లో ఫ్యాను ఆగిపోయి ఉంటుందని, అన్నం వేళకు వెళ్లి ఒకసారి చూసి రావాలనిపించింది. వెళ్తే మళ్లీ సిరిసిల్ల పాట అందుకుంటాడని, గోడ నీడనే కూర్చుని తిని, కొంగు పరుచుకుని కాసేపు నడుం వాల్చింది.

మధ్యాహ్నం పాత ఇంజనీరుకు బదులు సుజాత అనే కొత్త పిల్ల వచ్చింది. పరిచిన అట్టలు చూసి మెచ్చుకుంది. వీటిమీద సిమెంటు ఎప్పుడేస్తారని మేస్త్రిని అడిగింది. బాలకిషన్ ఎటో చూస్తూ గొణిగాడు. పాపం, మేస్త్రికి సమాధానం తట్టలేదని రాజక్కే కల్పించుకుంది.

“సిమెంటేంది బిడ్డా? నువ్వు ఫొటో తీసుకున్నంక దించుతం. అన్ని ఇండ్లకు గట్లనే చేసినం.”

సుజాత చేతిలోని ఫోను కిందికి దిగింది. మేస్త్రి వైపు, మళ్లీ రాజక్క వైపు చూసింది. ఆ పిల్ల ముఖంలో కోపం కన్నా దిగ్భ్రమ ఎక్కువగా ఉంది.

“ఇవి దించేటివి కావమ్మా. ఇంటి మీదనే ఉండాలె. పైన సిమెంటేసి తెల్ల టైల్స్ పరవాలె. లేకుంటే స్లాబు పగలంత ఎండ తాగి, రాత్రంత ఇంట్లకు వదుల్తది. ముసలోళ్లు, పసిపిల్లలు ఆగలేరు. గందుకే సర్కారు గీ రూల్ పెట్టింది.”

రాజక్క అక్కడి నుంచే వరుస మొదట్లోని ఇంటికేసి చూసింది. శోభ ఇంటి మీద నల్ల నీళ్లట్యాంకు తప్ప ఏమీ లేదు. దాని చుట్టూ ఉత్త సిమెంటు ఎండలో తెల్లగా మండుతోంది. అక్కడా ఈ అట్టలు పరిచింది తనే. దించిందీ తనే, ఒక్కటి కూడా విరగకుండా, ఎంతో జాగ్రత్తగా. పోచయ్య రోజూ మొత్తుకుంటున్నది ఇదే కదా.

వంగి చేతికందినన్ని అట్టలు లాగి నెత్తిన పెట్టుకుంది. బాలకిషన్ పిలుస్తున్నా ఆగలేదు. చెప్పులు కూడా తొడుక్కోకుండా ఆ వరుసంతా ఉరికింది. ఇల్లు చేరగానే బయటి మెట్ల మీదుగా పైకెక్కి, కింద పోచయ్య మంచం ఉన్నచోటు గుర్తుపట్టి, అట్టలు పరిచింది. గాలికి లేవకుండా ఇటుక పెళ్లలు పెట్టింది. అరికాళ్లు బొబ్బలెక్కుతున్నది ఆమెకు తెలియనే లేదు. ఇప్పుడు కాస్త చల్లబడుతుందని, పోచయ్యకు చెప్పాలని గబగబా దిగింది.

తలుపు తోయగానే సెగ ముఖాన కొట్టింది.

“ఏందయ్యా, అట్టలేసిన. లే.”

పోచయ్య గోడవైపు తిరిగి పడుకుని ఉన్నాడు. చెంబు ఖాళీగా ఉంది. భుజం పట్టుకుని తిప్పింది. ఇంత ఎండలో, ఇంత సెగలో అతని ఒంటిమీద చుక్క చెమట లేదు. కళ్లు సగం తెరిచి పైకప్పునే చూస్తున్నాయి. ముక్కు దగ్గర వేలు పెట్టింది. వేలికి గాలి తగలలేదు. మళ్లీ పెట్టింది.

“లేవయ్యా,” అంది, మెల్లగా, బతిమాలుతున్నట్టు. “సిరిసిల్ల పోదాం.”

అతని చెయ్యి మంచం పట్టె మీంచి కిందికి వేలాడుతోంది. దాని కింద బండమీద నీలి అట్ట ముక్క పడి ఉంది, పట్టుకుని విసురుకున్నచోట నాలుగు వేళ్ల గుంటలు లోతుగా దిగి.