కనుబొమ్మ లేవని చోట

ఒకరోజు పొద్దున పళ్ళు తోముకుంటుంటే మా అక్క నోట్లో నీళ్ళు నిలవకుండా ఓ పక్కనుంచి కారిపోయాయి. అద్దంలో చూసుకుంటే కుడి పెదవి కదలడం లేదు, కుడి కన్ను సరిగా మూతపడడం లేదు. నన్ను పిలిచి, కుడి కనుబొమ్మని వేలితో పైకెత్తి వదిలింది. అది తడిబట్టలా జారి కిందికి వచ్చేసింది.

"ఒసేయ్, ఇది పడుకుందే" అంది.

డాక్టరు చూసి, మొహంలో నరం వాచిందనీ, కొన్నాళ్ళకి నయం కావచ్చు, కాకపోనూ వచ్చనీ చెప్పాడు. ఆ ముక్క చెప్పడానికి అంత చదువెందుకో నాకు అర్థం కాలేదు.

ఆ కనుబొమ్మ సంగతి చెప్పాలి. మా ఇల్లు గడిచింది దాని మీదే. చిన్నప్పుడు మా అక్క గుంపులో నిలబడే వేషాలకి వెళ్ళేది. ఓసారి చావు సీనులో అందరూ ఏడుస్తుంటే ఈవిడా ఏడ్చింది. చచ్చినాయన పెళ్ళాం మరీ రాగాలు తీసేసరికి ఈవిడ కుడి కనుబొమ్మ దానంతటదే పైకి లేచింది. సినిమా విడుదలయ్యాక హాళ్ళలో జనం ఆ చావు దగ్గర పగలబడి నవ్వారు. నిర్మాత తల పట్టుకున్నాడు గానీ, ఆ నవ్వు ఎవరివల్ల వచ్చిందో కనుక్కుని తర్వాతి సినిమాలో ఆవిడకి పనిమనిషి వేషం ఇచ్చాడు. అప్పట్నుంచి ఆవిడ పేరు ఎవరికీ గుర్తులేదు. ఊరంతా 'కనుబొమ్మ' అనే పిలిచేది. పనిమనిషి, వదిన, హాస్టలు వార్డెను, గయ్యాళి అత్త, అన్నీ చేసింది. పోస్టర్లో ఆవిడ బొమ్మ ఎప్పుడూ ఓ మూలన చిన్నదిగా ఉండేది. టికెట్లు తెగేది మాత్రం ఆ మూల వల్లేనని మా అక్క నమ్మకం, నాదీ అదే.

"హీరోయిన్లకి వయసొస్తే వేషాలు పోతాయి. నాకు వయసొచ్చిన కొద్దీ వేషాలొస్తాయి" అనేది.

నేను ఆవిడ చెల్లెల్ని, ఆవిడకి జడ వేసేదాన్ని, విగ్గు పెట్టేదాన్ని. నా నోట్లో ఎప్పుడూ పిన్నులుండేవి. మా అక్క అద్దం ముందు రిహార్సల్ చేసేది కాదు. అద్దం మనతోపాటే నవ్వుతుంది, దాన్ని నమ్మకూడదనేది. నా ముందు చేసేది. నేను నవ్వేదాన్ని కాదు. నవ్వితే పిన్నులు గొంతులోకి పోతాయి కదా. పైగా నా తత్వమే అంత. ఇంట్లో ఎవరో ఒకరు మొహం గంటుపెట్టుకుని లెక్కలూ వంటలూ చూసుకోవాలి. "నిన్ను నవ్వించాకే నేను మానేసేది" అని ఆవిడ, "అయితే ముసలిదానివయ్యేదాకా చెయ్యి" అని నేను. మా మధ్య ఇది రోజూ నడిచే గొడవ.

మొహం పడిపోయేనాటికి ఓ సినిమా చివరికొచ్చింది. అందులో మా అక్క గదులు అద్దెకిచ్చే ఇంటావిడ. ఇంక ఒక్క సీను మిగిలింది. అద్దెకున్న కుర్రాడు రోజంతా జ్వరంతో మంచం దిగలేదని అబద్ధమాడతాడు. దుప్పటి కిందనుంచి బురద బూట్లు కనబడుతుంటాయి. ఇంటావిడ బూట్లు చూస్తుంది, వాడి మొహం చూస్తుంది, కనుబొమ్మ లేపుతుంది. అంతే సీను. ఆ కనుబొమ్మ కోసమే రాశారు.

కొన్నాళ్ళు ఆగండి అంటే నిర్మాత ఆగలేదు. సెట్టు పీకేసి వేరేది వెయ్యాలన్నాడు. షూటింగుకి ముందురోజు ప్రొడక్షన్ మేనేజరు మేకప్ గదికి వచ్చి విగ్గుని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"ఇది కాస్త వదులు చెయ్యొచ్చా అమ్మా?"

"ఎందుకూ? మా అక్క తల రాత్రికి రాత్రి పెరిగిందా?"

 చివరికి విషయం బయటపడింది. రేపటి సీను కుదరకపోతే ఇంకొకావిడని పెట్టి మా అక్క సీన్లన్నీ మళ్ళీ తీస్తారు. ఆవిడకి కబురు కూడా వెళ్ళింది. అదే జరిగితే ఇంక ఏ నిర్మాతా మా గడప తొక్కడని నాకు తెలుసు. నాకు ఒళ్ళు మండిపోయింది.

"వదులు చేస్తాను, ముందు నీ నోరు కుట్టాక" అన్నాను.

ఇంటికొచ్చి అక్కకి చెప్పాను. ఆవిడ ఎడంవైపుతో నవ్వి, "ఆవిడ తల పెద్దది, పాపం బిగుతౌతుంది" అంది.  హాయిగా నిద్రపోయింది. నిద్రపట్టనిది నాకే.

ఆ రోజుల్లో మాటలు సెట్లోనే రికార్డయ్యేవి. టేకులో ఎవరైనా కిసుక్కుమంటే ఫిల్మంతా దండగ. అందుకని మా అక్క సీనుంటే లైట్లవాళ్ళూ కెమెరావాళ్ళూ తువ్వాళ్ళు నోట్లో కుక్కుకునేవారు. రిహార్సల్లో మాత్రం నవ్వొచ్చు. సీను పండిందో లేదో తెలిసేది అప్పుడే.

మర్నాడు నిర్మాత స్వయంగా వచ్చి కుర్చీ వేయించుకుని కూర్చున్నాడు. దర్శకుడు మంచివాడు, మా అక్క చేతుల్లో పెరిగినవాడు. రిహార్సల్ మొదలైంది. కుర్రాడు దుప్పటి కప్పుకుని మూలిగాడు. మా అక్క బూట్లు చూసింది, వాడి మొహం చూసింది. సెట్టంతా గొల్లుమంది.

మా అక్క ఆగిపోయింది.

"ఎందుకు నవ్వారు?"

"బాగుందక్కా, చాలా బాగుంది" అన్నాడు దర్శకుడు.

"ఏం బాగుంది? నేనింకా ఏం చెయ్యలేదు."

అందరూ తలలు దించుకున్నారు. నాకు అప్పుడు అర్థమైంది. ఆవిడకి ధైర్యం రావాలనీ, నిర్మాత వినాలనీ దర్శకుడు వాళ్ళకి నవ్వమని ముందే చెప్పిపెట్టాడు. వాళ్ళూ మా అక్కంటే ప్రాణం పెట్టేవాళ్ళే. ఏళ్ళ తరబడి అలవాటైన చోట, కనుబొమ్మ లేవాల్సిన చోట, ఠంచనుగా నవ్వారు. అది లేవలేదన్న సంగతి మర్చిపోయారు.

"నాయనా" అంది మా అక్క దర్శకుడితో. "పరామర్శకొచ్చినవాళ్ళు ఏడవాలి గానీ నవ్వకూడదు. ఇంక రిహార్సల్ వద్దు, టేకే చేద్దాం. నాకో మంచి దుప్పటి ఇప్పించు. టేకులో నవ్వినవాళ్ళు ఎవరైనా సరే, బయటికి."

"అక్కా, సీను మారుస్తారా?"

"మార్చడం కాదు. ఇంటావిడ కూడా మనిషే కదా, ఒక కనుబొమ్మతోనే బతకదు."

నిర్మాత ఏదో అనబోయాడు. ఆవిడ ఆయనవైపు చూసిన చూపుకి మళ్ళీ కూర్చున్నాడు. కుర్రాడితో, "నువ్వు నీ అబద్ధం గట్టిగా చెప్పు. మిగతాది నాకొదిలెయ్" అంది. నేను చివరిసారి విగ్గు సర్ది, మిగిలిన పిన్నులు నోట్లో పెట్టుకుని కెమెరా పక్కకి వచ్చాను.  

టేకు మొదలైంది. కుర్రాడు పొద్దుట్నుంచి మంచం దిగలేదని ఒట్టు పెట్టాడు. మా అక్క సగం కదలని ఆ మొహంతో దగ్గరికెళ్ళి వాడి నుదుటి మీద చెయ్యి పెట్టింది. లేదు, జ్వరం అక్కడ లేదు. మెల్లిగా కాళ్ళ దగ్గరికెళ్ళింది. వంగి, మడిచిన చేతి వెనకవైపుని బురద బూటు మీద ఆనించింది. ఆనించి, తల్లి మనసు తల్లడిల్లినట్టు నాలుక చప్పరించింది. ఒంటినిండా జ్వరం బూటుకి. రెండోదాన్నీ చూసింది, దానికి ఇంకా ఎక్కువ. కుర్రాడి మీదున్న దుప్పటి లాగేసి బూట్లకి కప్పింది, అంచులు లోపలికి దోపింది. దానిపైన తను అడిగి తెప్పించుకున్న మంచి దుప్పటి కూడా కప్పింది. కుర్రాడు నోరు తెరవబోతే పెదవుల మీద వేలుంచి 'ఉష్' అంది. బూట్లు పడుకున్నాయి మరి. దీపం తగ్గించి, మునివేళ్ళ మీద నడుస్తూ తలుపుదాకా వెళ్ళి, వెనక్కి తిరిగి వాటిని ఓసారి చూసుకుంది.

ఇంతసేపూ కుడివైపు మొహం ఇసుమంత కదలలేదు. ఆ కదలకపోవడమే చంపింది. ఆ మొహంలో ఎగతాళి లేదు, కోపం లేదు. బూట్లకి జ్వరం వచ్చిందని నిజంగా నమ్మిన మొహం అది.

సెట్లో చీమ చిటుక్కుమంటే వినబడేట్టుంది. నిర్మాత తన కండువా నోట్లో కుక్కుకుని కళ్ళు తుడుచుకుంటున్నాడు. అప్పుడు గచ్చు మీద టింగుమని శబ్దమైంది. వెంటనే ఇంకోటి. ఆ తర్వాత గుప్పెడు ఒక్కసారిగా రాలాయి.

సౌండు ఇంజనీరు చెవులమీంచి హెడ్‌ఫోన్లు తీసేసి, "ఏదో ఇనుము పడిందండీ" అన్నాడు.

"కట్" అన్నాడు దర్శకుడు.

మా అక్క తలుపు దగ్గర్నుంచి నన్నే చూస్తోంది. నేను కడుపు పట్టుకుని గచ్చు మీద కూలబడి ఉన్నాను. చుట్టూ పిన్నులు. నవ్వుతున్నానో ఏడుస్తున్నానో నాకే తెలియలేదు, రెండూ అనుకుంటాను. ఆవిడ వచ్చి నా ఎదురుగా వంగింది.

"టేకు పాడుచేశావు కదే" అంది.

నేను చెయ్యి ఊపాను. 

"కనుబొమ్మ ఉన్నన్నాళ్ళూ నవ్వలేదు నువ్వు" అంది, నా గడ్డం పట్టుకుని. ఆవిడ ఎడమ కన్ను తడిగా ఉంది. "అయితే ఇన్నేళ్ళూ అది నాకు అడ్డమన్నమాట."

అంటూనే లేచి నిలబడింది. నవ్వినవాళ్ళు ఎవరైనా సరే బయటికన్న మాట నాకోసం మార్చలేదు. నన్ను బయటికి పంపి, తలుపు వేయించి, రెండో టేకు చేసింది. సినిమాలో ఉన్నది అదే. టేకు నడుస్తోందని తలుపు మీద ఎర్రదీపం వెలిగినంతసేపూ నేను వరండాలో నిలబడి నవ్వుతూనే ఉన్నాను. దీపం ఆరాక మేనేజరు బయటికి వచ్చాడు గానీ విగ్గు సంగతి ఎత్తలేదు. కింద రాలిన పిన్నులు ఏరి తెచ్చి నా చేతిలో పెట్టి వెళ్ళాడు.