పైసా మిత్తి లేని అప్పు

సత్తమ్మ రోజూ రెండు వాకిళ్లు ఊడ్చేది. ముందు సావుకారి వీరేశం వాకిలి, పొద్దు మిగిలితే తన వాకిలి. సావుకారిది పెద్ద ఇల్లు, ఇంటి ముందు నలభై మంది కూర్చునే వాకిలి, వెనక ధాన్యం ఎండబోసే జాగా. అదంతా ఊడ్చి, పేడనీళ్లు కలిపి సాన్పి చల్లి, ముగ్గు పెట్టి, కొట్టంలో పేడ ఎత్తి ఇంటికి వచ్చేసరికి సొంత గడప ముందు కోళ్లు గీకిన చెత్త అలాగే ఉండేది. అత్త రామమ్మ అరుగు మీద కూర్చుని, మన వాకిలి ఇట్లా ఉంటే లక్ష్మి ఎట్లా వస్తుందని దెప్పేది. లక్ష్మి ఎవరింటికి పోవాలో పదకొండేళ్లుగా సత్తమ్మ తన చేతులతోనే ముగ్గేసి చూపిస్తున్నదని ఆ ముసలామెకు ఎవరు చెప్పాలి? చెప్పినా వినే చెవులా అవి!

ఈ ఊడ్చడమంతా ఒక అప్పుకు మిత్తి. వడ్డీని ఆ దిక్కున మిత్తి అంటారు. మోత్కూరుకు రెండు కోసుల దూరంలో ఉన్న ఆ ఊళ్లో గొర్రెలు కాసే కురుమల ఇళ్లు ముప్పై దాకా ఉండేవి. పోలీసు చర్య అయిన ఐదేళ్లకు సత్తమ్మ మొగుడు గుర్వయ్యకు పెద్దకురుమ, అంటే కులపెద్ద, కావాలని మోజు పుట్టింది. అయితే ఊరికే అవుతారా? బీరప్ప పండుగ చేయించాడు. ఏడు పొట్టేళ్లు కోయించాడు, ఒగ్గు కథ వాళ్లను మూడు రోజులు కూర్చోబెట్టాడు, కల్లుకు లెక్కాపత్రం లేదు. తలకు రుమాలు కట్టించుకుని పెద్దకురుమ అయ్యాడు. ఆ రుమాలు కోసం వీరేశం దగ్గర ఇల్లు కుదువ పెట్టి నాలుగు వందల రూపాయలు తెచ్చాడని సత్తమ్మకు పండుగ అయిన మర్నాడు గాని తెలియలేదు.

తెలిసిన రోజు గుర్వయ్య మీసం దువ్వుకుంటూ చెప్పిన మాట ఆమెకు అక్షరం పొల్లు పోకుండా గుర్తుంది.

"పైసా మిత్తి లేని అప్పు తెచ్చిన. గీ జిల్లాల ఎవడన్న తెచ్చిండా? మిత్తికి బదులు నువ్వు పొద్దున సావుకారి వాకిలి చూసుకోవాలె, ఏడాదికి ఓ గొంగడికి ఉన్ని వడికియ్యాలె, దసరాకు ఓ పొట్టేలు. గంతే. పొద్దున ఓ గడియ పని. నీదేం పోయింది?"

ఇంకో సంగతి కూడా చెప్పుకోవాలి. ఈ గుర్వయ్యే దొరల మీద తిరగబడ్డ సంఘం రోజుల్లో దొర గడీ ముందు నిలబడి, వెట్టి చెయ్యనని చెప్పినవాడు. కల్లు మండువలో నాలుగు ముంతలు పడితే ఆ కథ ఇప్పటికీ చెప్పేవాడు. వినేవాళ్లు ఔనౌనని తలలూపేవాళ్లు. వెట్టి పోయిందని ఊరు ఊరంతా సంబరపడుతున్న కాలంలో, వెట్టి చెయ్యని ఆ మగాడి పెళ్లాం చీకటితో లేచి చీపురు పట్టుకుని పోతుండేది. అది వెట్టి కాదట, మిత్తి అట. పేరు మారితే నడుం నొప్పి మారుతుందా? సత్తమ్మకు ఆ రుమాలు చూసినప్పుడల్లా దాంతోనే సావుకారి కొట్టం తుడవాలనిపించేది.

బిడ్డ సుక్క పుట్టినప్పుడు ఇరవై ఒక్క రోజులు ఆమె పనికి పోలేదు. సావుకారి పెళ్లాం ప్రమీలమ్మ ఆ రోజులన్నీ వేళ్ల మీద లెక్కబెట్టి, వాటికి బదులుగా ఆ ఏడు రెండు గొంగళ్లకు ఉన్ని వడికించుకుంది. జ్వరాలకూ, పెళ్లిళ్లకూ, చావులకూ పోయిన రోజులు ఎండాకాలంలో మిరపకాయలు దంచి తీర్చవలసి వచ్చేది. సత్తమ్మ తల్లి చచ్చిపోయిన నాడు కూడా ప్రమీలమ్మ అయ్యో పాపం అన్నాక, ఎన్ని రోజుల్లో వస్తావని అడిగింది.

పదకొండో ఏడు వానాకాలంలో సత్తమ్మ జ్వరంతో మూడు రోజులు లేవలేదు. నాలుగోనాడు కళ్లు తెరిస్తే పక్కన బిడ్డ లేదు. సుక్కేదని అత్తను అడిగితే, గుర్వయ్య సావుకారింటికి తోలాడని చెప్పింది. సత్తమ్మ గోడ పట్టుకుని లేచింది. దారిలో రెండుచోట్ల కూర్చుని మరీ పోయింది. వాకిట్లో పదేళ్ల సుక్క నడుం వంచి ఊడుస్తున్నది. పక్కన పేడనీళ్ల బకెట్టు దాని మొలకాడికి వస్తున్నది. గడప మీద ప్రమీలమ్మ దంతధావనం చేసుకుంటూ ముచ్చటగా చూస్తున్నది.

"నీకంటె నీ బిడ్డనే నయం సత్తీ. చేతి నీటు మంచిగున్నది. ఇగ నువ్వు ఇంట్ల ఉండు, దాన్నే తోలు. మీ అప్పు తీరేనాటికి దానికి పిల్లలైతరు" అంది నవ్వుతూ.

ఆ మాట ఆమె కోపంతో అనలేదు, ఎగతాళికీ అనలేదు. వానలు బాగా పడ్డాయని అన్నట్టు అంది. సత్తమ్మ బిడ్డ చేతిలోంచి చీపురు తీసుకుని, ఆ వాకిలి మిగతా సగం తనే ఊడ్చింది.   తన పొద్దులు తినేసి ఈ అప్పు ఇప్పుడు బిడ్డ పొద్దుల మీద పడ్డది. ఈ అప్పును ఇక బతకనియ్యకూడదని అప్పుడే, ఆ పేడనీళ్ల దగ్గరే అనుకుంది.

ఇంటికి వచ్చి అప్పు ఎంత మిగిలిందని మొగుణ్ణి అడిగింది. నాలుగు వందలు, పైసా పెరగలేదు, అన్నాడు గుర్వయ్య, అదేదో తను చేసిన పుణ్యకార్యం లాగా. మరి తగ్గిందెంత అని అడిగితే అతనికి ప్రశ్నే అర్థం కాలేదు. మిత్తి కడితే అసలు తగ్గుతుందా, పిచ్చిదానా అని నవ్వాడు. అరుగు మీది రామమ్మ అందుకుంది.

"ఆడోళ్ల పొద్దుకు వెలెక్కడిదే? అది ఊకె తెల్లారేదేనాయె."

జ్వరం తగ్గాక సత్తమ్మ సుక్కను వెంటబెట్టుకుని కేతేపల్లి దగ్గర ఉన్న తల్లిగారింటికి పోయింది. ఆ వారం సావుకారి వాకిలికి రామమ్మను పొమ్మని చెప్పి మరీ పోయింది. ముసలామె నోరు తెరిచింది గాని, తెరిచిన నోట్లోంచి మాట రాకముందే కోడలు వీధి దాటింది.

పెళ్లిలో తల్లి ఆమెకు రెండు గొర్రెలు అరణం ఇచ్చింది. అవి అత్తగారింటికి తోలుకుపోతే బీరప్ప పండుగలోనే తెగిపోయేవి. అదృష్టం కొద్దీ అన్న ఐలేశం మందలోనే ఉండిపోయాయి. అతను పాలుకు మేపుతున్నాడు, అంటే ఈనిన పిల్లల్లో సగం మేపినవాడికి, సగం ఆమెకు. ఏటా ఇంత ఉన్ని పంపేవాడు, ఆమె ఇంకేమీ అడిగేది కాదు. ఆ సాయంత్రం దొడ్డి దగ్గర నిలబడి, నావి ఎన్ని ఉన్నయన్నా అని అడిగింది. ఐలేశం చెవులకు పెట్టిన గాటు గుర్తు చూసి ఒక్కొక్కటే పక్కకు తోలాడు.

"ఇరవై ఆరు, చెల్లె. రోగాలకు పోయినయ్ పోంగ. పిల్ల ఈనింది, దాని పిల్ల ఈనింది. గట్ల పెరుగుతనే ఉంటయ్."

సత్తమ్మ ఆ ఇరవై ఆరింటినీ చాలాసేపు చూసింది. రెండు గొర్రెలు ఎవరి దొడ్లో ఉంటే వాళ్ల దొడ్డి నిండుతుంది. మరి తన పొద్దులు పదకొండేళ్లుగా ఎవరి దొడ్లో ఈనుతున్నాయి? తను ఊడ్చిన వాకిట్లో ఎండిన ధాన్యం అమ్మి వీరేశం ఇంకొకరికి అప్పిచ్చాడు. ఆ అప్పు మిత్తితో ఇంకో ఇల్లు కుదువకు వచ్చింది. ఇప్పుడు ఆ ఇంటి ఆడది సావుకారి బావి దగ్గర నీళ్లు తోడుతున్నది. తన నడుం పుట్టించిన పిల్లలు వాటి పిల్లలతో సహా ఆ ఇంట్లో మేస్తున్నాయి. తనకు మిగిలింది నాలుగు వందల అప్పు, కదలకుండా మెదలకుండా, తెచ్చిన నాడు ఉన్నట్టే. ఆ మొగుడికి ఇది తెలియదా? గొర్రెల్లో పుట్టి పెరిగినవాడు, ఏ గొర్రె ఎన్నో ఈతలో ఉందో నిద్రలో అడిగినా చెప్పేవాడు, పెళ్లాం పొద్దులు ఈనుతాయని ఒక్కనాడన్నా ఎందుకు అనుకోలేదు? అనుకునే అవసరం లేదు గనక. పోయేది అతని పొద్దు కాదు గనక. ఆమెకు ఏడుపు రాలేదు. పదకొండేళ్లలో మొదటిసారి ఎవరి మీద ఎంత కోపం రావాలో సరిగ్గా తెలిసింది, ఆ తెలియడం చల్లగా హాయిగా ఉంది.

చదువు రాకపోయినా కురుమల బిడ్డకు ఇరవైల లెక్క వస్తుంది, మందను అట్లాగే లెక్కబెడతారు. వాగులో గులకరాళ్లు ఏరుకొచ్చి, ఇరవై పొద్దులకు ఒక రాయి చొప్పున పెట్టుకుంటూ పోయింది. పదకొండేళ్లకు రెండు వందల రాళ్లు అయ్యాయి, పదిహేను పొద్దులు మిగిలాయి. ఆ పదిహేనూ ధర్మం కింద వదిలేసింది. పొద్దుకు చారాణా, అంటే పావలా వేసుకున్నా రాయికి ఐదు రూపాయలు, మొత్తం వెయ్యి. గొంగళ్లూ పొట్టేళ్లూ కలిపితే ఇంకో నాలుగు వందలకు పైనే. పైసా మిత్తి లేని అప్పు అసలుకు మూడింతలు మింగి, ఇంకా ఆకలిగానే ఉంది.

పద్దెనిమిది గొర్రెలను మోత్కూరు అంగడిలో అమ్మితే నాలుగు వందల యాభై వచ్చాయి. ఎనిమిదింటిని విత్తనానికి ఉంచుకుంది. డబ్బు కొంగున కట్టుకుని, రాళ్ల సంచి చంకన పెట్టుకుని, అన్నను తోడు తీసుకుని సావుకారి దుకాణానికి పోయింది. బేరానికి వచ్చిన నలుగురైదుగురు అక్కడ ఉన్నారు. అవి పంచాయతీ ఎన్నికల రోజులు, వీరేశం సర్పంచికి నిలబడ్డాడు, అందరితో తియ్యగా మాట్లాడుతున్నాడు. నాలుగు వందలు ముందర పెడితే, ఇల్లు విడిపించుకుంటున్నావా అని అడిగాడు.

"ఇడిపించుకుంటలేను సావుకారీ. కుదువ గట్లనే ఉండనియ్. కాగితం నా పేరు మీదికి మార్చు."

వీరేశం మొదట నవ్వాడు. మొగుడు బతికుండగా ఆడదాని పేరున కుదువ కాగితం ఏమిటని ఐలేశం వైపు తిరిగాడు. ఐలేశం దుకాణం కప్పు వైపు చూస్తూ నిలబడ్డాడు. సత్తమ్మ సంచి మూతి విప్పి చూపించి, గొంతు తగ్గించి ఏ రాయి ఎన్ని పొద్దులో చెప్పింది.

"వెట్టి లేని ఊరు చేస్తనని మీటింగుల చెప్పినవట. ఈ రాళ్లు ఏడ పొయ్యమంటవ్? ఈడనా, పంచాయతి కాడనా?"

వీరేశం బేరగాళ్ల వైపు చూశాడు, సంచి వైపు చూశాడు. రెండు రోజులకు భువనగిరిలో స్టాంపు కాగితం మీద మార్పు రాసిచ్చాడు. బస్సు ఖర్చూ రాత ఖర్చూ పోను ఆమె దగ్గర పదిహేడు రూపాయలు మిగిలాయి. సుక్కకు పలకా బలపం కొన్నది.

మర్నాడు పొద్దున్నే నీళ్ల బిందెతో కావాలనే సావుకారి ఇంటి ముందు నుంచి పోయింది. ప్రమీలమ్మ నడుం మీద ఒక చెయ్యి పెట్టుకుని, ఇంకో చేత్తో చీపురు పట్టుకుని తన వాకిలి తనే ఊడుస్తున్నది. సగం చెత్త ఊడ్చినచోటే ఉంది. సత్తమ్మ ఆగింది.

"చేతి నీటు మంచిగున్నదమ్మా" అంది, ప్రమీలమ్మ ఆనాడు అన్నట్టే.

ఇంటికి వచ్చేసరికి గుర్వయ్య రుమాలు చుట్టుకుని అరుగు మీద కూర్చుని, ఇల్లు విడిపించానని వీధిలో పోయేవాళ్లందరికీ చెబుతున్నాడు. భార్యను చూసి, కాగితం ఇటు తెమ్మని దర్జాగా చెయ్యి చాపాడు. పదకొండేళ్లు ఆమె వడికినదాన్నీ ఊడ్చినదాన్నీ సావుకారికి ధారపోసిన చెయ్యి అది. సత్తమ్మ కాగితం తీయలేదు. మూల నుంచి చీపురు తెచ్చి ఆ చేతిలో పెట్టింది.

"ఇల్లు కుదువలనే ఉన్నది. నా దగ్గర. ఫికర్ చెయ్యకు, పైసా మిత్తి లేదు. పొద్దున్నే వాకిలి ఊడ్చి సాన్పి జల్లాలె, కొట్టంల పేడ తియ్యాలె. ఓ గడియ పని."

గుర్వయ్య చీపురు వైపూ ఆమె వైపూ మార్చి మార్చి చూశాడు. మగవాడు వాకిలి ఊడిస్తే ఊరు నవ్వదా అని రామమ్మ గుండెలు బాదుకోబోయింది. పదకొండేళ్లు ఊరు నవ్వలేదుగా, ఇప్పుడూ నవ్వదు అని కోడలు నిమ్మళంగా చెప్పింది. ఇష్టం లేకపోతే కాగితం మీది నాలుగు వందలు ఇప్పుడే కట్టమంది. గుర్వయ్య దగ్గర నాలుగు వందలు కాదు కదా, నాలుగు అణాలు కూడా లేవు. నీళ్లకు పోయే ఆడవాళ్లు వీధిలో నడక తగ్గించారు.

"ఎన్ని రోజులే?" అన్నాడు గుర్వయ్య చివరికి, రుమాలు తీసి ఒళ్లో పెట్టుకుంటూ.

సత్తమ్మ అరుగు మీద గులకరాళ్ల సంచి పెట్టి, పక్కనే కూర్చుంది. అంత పొద్దున ఆమె తన అరుగు మీద కూర్చోవడం ఆ ఇంటికి వచ్చాక అదే మొదలు.

"ఇందుల రెండు వందల రాళ్లున్నయ్. ఇరవై పొద్దులకు ఒకటి తీస్త. అన్నీ ఒడిసినంక, అసలు సంగతి మాట్లాడుకుందం."