రెండో వరుస కుర్చీ

వెండి గరిటె గుంటలో మతౌష్ కుడిచెయ్యి సుద్దగుడ్డతో గుండ్రంగా రుద్దుతోంది. కాడ పట్టుకున్న ఎడమచేతి వేళ్ళు మాత్రం వేరే పనిలో ఉన్నాయి. చూపుడువేలు కాడ మీద నొక్కుకుంటుంది, నడిమివేలు పక్కన పడుతుంది, చిటికెనవేలు సాగి, అందక, వెనక్కి వస్తుంది. ఆ చిటికెనవేలే అతని భయం. చలికాలం నుంచి దాని కణుపు వాచే ఉంది.

కోట అడుగు అంతస్తులోని ఆ గదిలో బల్లకు అవతల అతని భార్య డోరోతా మేజాగుడ్డలు ఇస్త్రీ చేస్తోంది.

"గరిటెకి గిలిగింతలు పెడుతున్నావా ఏంటయ్యా?"

"వేళ్ళు మర్చిపోతాయేమోనని."

ఆమె ఇస్త్రీపెట్టె పొయ్యి మీద పెట్టి వచ్చి, అతని చెయ్యి లాక్కుని, బాతుకొవ్వు రాసి కణుపు మీద నిమిరింది. మతౌష్ పొడుగాటి మనిషి. వంగి వంగి వడ్డించడం వల్ల మెడ ముందుకు వాలిపోయింది. ఎడమ దవడ కింద, వాయించేటప్పుడు వయోలా ఆనే చోట చర్మం నల్లబడి రాగి కాసంత మచ్చ కట్టింది. కోట ఉడుపు వేసుకున్నప్పుడు పట్టీ కాలరు ఆ మచ్చని కప్పేస్తుంది.

ఆ కోటలో నౌకరీకి వచ్చేవాడికి ఏదో ఒక వాద్యం వచ్చి ఉండాలి. వేటగాళ్ళు బూరాలు ఊదుతారు. రొట్టెలు కాల్చే ప్రోకోప్‌కి నిలువెత్తు పెద్ద ఫిడేలు అప్పగించారు. మతౌష్ వచ్చిన కొత్తలో ఫిడేలు వాయించేవాడు. వేళ్ళు బిగుసుకోవడం మొదలయ్యాక, అన్ని కోటల్లోనూ చేసినట్టే, అతన్ని వయోలాకి మార్చారు. ఫిడేలు కన్నా కొంచెం పెద్దది, కొంచెం బొంగురుది. పాత సింఫనీల్లో దానికి సొంతంగా చెప్పుకోవాల్సిన మాటే ఉండదు. పెద్ద ఫిడేలు ఎటు పోతే అటు దాని వెనకే పోవడం. నా తోక పట్టుకుని నడిచే దూడవి నువ్వు, అని ప్రోకోప్ ఎగతాళి చేసేవాడు. మతౌష్ నవ్వేవాడు. తోకైనా సరే, అతనికి దక్కింది ఒక కుర్చీ.

ఆ సంగతి డోరోతాకి తప్ప ఎవరికీ చెప్పలేదు. తెల్లారి లేచింది మొదలు గోడవార, కుర్చీల వెనక, తలుపుల పక్కన నిలబడే బతుకు. దొరల ఎదుట అతను కూర్చునేది వాద్యబృందంలో ఒక్కచోటే. రెండో వరుసలో, కిటికీ వైపు. కోట యజమాని కౌంటు దొర లోపలికి వచ్చినా అక్కడ లేవనక్కర్లేదు, చేతిలో కమాను ఉంటే.

ఇప్పుడు ఆ కుర్చీ ఊగుతోంది. వియన్నా నుంచి వచ్చిన కొత్త బృందనాయకుడు ట్సీగ్లర్‌కి వంటవాళ్ళతో, వేటగాళ్ళతో సంగీతం చేయించడం నచ్చలేదు. ఆకులు రాలే వేళకి అసలైన వాద్యకారులు వస్తున్నారు. ఇక్కడివాళ్ళలో పనికొచ్చినవాళ్ళు వాళ్ళ పక్కన కూర్చుంటారు, మిగతావాళ్ళు పళ్ళేలు మోసుకుంటారు. మతౌష్ సంగతి ఈ రోజు వాయించే కొత్త సింఫనీతో తేలుతుందన్నాడు. దాని నెమ్మది భాగంలో ఒకచోట ఫిడేళ్ళన్నీ ఊరుకుంటాయి. పెద్ద ఫిడేలు కింద ఎక్కడో గొణుగుతుంటే వయోలా ఒక్కటీ నడవాలి. అలాంటిది అతను తన జన్మలో వాయించలేదు. వయోలాకి ఎవరైనా అలాంటిది రాస్తారని అనుకోనూ లేదు.

మధ్యాహ్నం భోజనాల దగ్గర, తెల్ల చేతితొడుగులు వేసుకుని, పెద్ద దొరసాని కుర్చీ వెనక నిలబడ్డాడు. కౌంటు దొర తల్లి ఆవిడ. మాట్లాడి అడిగే అలవాటు లేదు. రెండు వేళ్ళు ఎత్తితే నీళ్ళు. ఆవిడ గొంతులో గరగర మొదలవకముందే మతౌష్‌కి తెలిసిపోయేది. వేళ్ళు పూర్తిగా లేచేసరికి గ్లాసు పక్కన ఉండేది. ఆ రోజూ అంతే. కాల్చిన కార్పు చేప వడ్డిస్తూ కూడా అతను లోపల్లోపల ఆ వరసే పాడుకుంటున్నాడు.

ఎండ వాలే వేళకి తోటవైపు హాల్లో అందరూ చేరారు. మతౌష్ తొడుగులు తీసి జేబులో పెట్టుకుని, కమానుకు గుగ్గిలం రుద్ది, రెండో వరుసలో కూర్చున్నాడు. మొదటి భాగం పెద్ద చప్పుడుతో గడిచిపోయింది. నెమ్మది భాగం మొదలైంది. ఫిడేళ్ళు ఒక్కొక్కటే ఆగాయి. ట్సీగ్లర్ అతనివైపు తిరిగి కనుబొమ ఎత్తాడు.

మతౌష్ కమాను దించాడు.

సన్నగా, కొంచెం వణుకుతూ మొదలై, రెండో వాక్యానికి స్వరం కుదురుకుంది. బొంగురుగానే ఉంది, కాని బరువుగా, ఎవరో చీకటి గదిలో దారి వెతుక్కుంటూ నడుస్తున్నట్టుగా వచ్చింది. కిటికీ దగ్గర గుసగుసలాడుతున్న ఆడవాళ్ళు మానేశారు. చిటికెనవేలు సాగాల్సిన చోటు వచ్చింది. సాగింది. అందింది. ప్రోకోప్ తన పెద్ద ఫిడేలు పక్కనుంచి తల తిప్పి చూశాడు.

అప్పుడే కిటికీలోంచి ఎండ పెద్ద దొరసాని మొహాన పడింది. నీళ్ళ బల్ల దగ్గర ఉండాల్సిన నౌకరు తెర లాగడానికి వెళ్ళాడు. ఆవిడ గొంతు గరగరలాడింది. రెండు వేళ్ళు లేచాయి.

మతౌష్ ఏమీ అనుకోలేదు. అనుకుని ఉంటే కూర్చునే ఉండేవాడు. వయోలాని కుర్చీలో పెట్టాడు, లేచాడు, నాలుగు అంగల్లో బల్ల దగ్గరున్నాడు. ఎడమచేత్తో గ్లాసు పట్టుకుని, కుడిచేత్తో కూజా వంచి, కొలిచినట్టు నింపి, వంగి అందించాడు. ఆవిడ లేసు తొడుగుల చేత్తో అందుకుంది. అతనివైపు చూడలేదు. ఎన్నడూ చూడలేదు.

కూజా కింద పెట్టాకగాని హాల్లో ఏదో లేదని అతనికి వినపడలేదు. లేనిది తన వరసే. దాని స్థానంలో అడుగున ఎక్కడో ప్రోకోప్ ఆ పాటని పెద్ద ఫిడేలు మీద తడుముకుంటూ లాక్కొస్తున్నాడు. మతౌష్ తిరిగి వచ్చి కూర్చుని కమాను అందుకునేసరికి ఫిడేళ్ళు మొదలెట్టేశాయి. అతని చోటు దాటిపోయింది.

చివర్లో చప్పట్లు కొట్టారు. దొరల్లో ఎవరికీ ఏమీ తెలియలేదు. నౌకరు లేచాడు, నీళ్ళిచ్చాడు, అందులో వింతేముంది?

అందరూ తోటలోకి వెళ్ళాక ట్సీగ్లర్ కాగితాలు సర్దుకుంటూ దగ్గరికి వచ్చాడు. కోప్పడలేదు. అలసిపోయినట్టు కనిపించాడు.

"నువ్వు బాగా వాయిస్తావనుకోలేదు. వాయించావు. కాని పాట మధ్యలో లేచేవాడితో నేనేం చెయ్యను, మతౌష్? ఆకులు రాలే వేళ నుంచి నువ్వు నీళ్ళ దగ్గరే ఉండు."

"అలాగే దొరగారూ."

ప్రోకోప్ తన వాద్యాన్ని భుజానికెత్తుకోబోయి, ఎత్తుకోకుండా నిలబడ్డాడు. ఏదో ఒకటి అనాలి గనక, "నీ పాట నేనెత్తుకుంటే ఎద్దు జోలపాడినట్టుందిరా," అన్నాడు.

మతౌష్ నవ్వలేదు. "చిటికెనవేలు అందిందిరా, ప్రోకోప్."

"విన్నాను."

"అందదనుకున్నా."

"విన్నానంటున్నాగా."

కుర్చీలు గోడవార సర్దడం ఎలాగూ మతౌష్ పనే. నువ్వు వెళ్ళు, పిండి పులుస్తుంటుంది అని ప్రోకోప్‌ని పంపేశాడు. ముందు వరుస సర్దాడు. రెండో వరుస దగ్గరికి వచ్చి, కాస్త ఆయాసంగా ఉందనిపించి, తన కుర్చీలో కూర్చున్నాడు. తోటలో ఎవరో ఆడవాళ్ళు నవ్వుతున్నారు. నవ్వు దూరమైంది.

ఉల్లిపాయల చారు చల్లారిపోతోందని, ఎంతకీ రాడేమని, డోరోతా మెట్లెక్కి వచ్చేసరికి హాల్లో సగం కుర్చీలు గోడవార, సగం మధ్యలో ఉన్నాయి. అతను నిటారుగా కూర్చుని ఉన్నాడు, తల కొంచెం ఎడమకి వాలి, వయోలా ఆనించుకున్నప్పటిలా. కనిపించగానే ఆమె తిట్టడం మొదలుపెట్టింది. చారు గురించి, చెప్పినమాట వినకపోవడం గురించి. దగ్గరికొచ్చి, చల్లబడ్డ చెయ్యి పట్టుకుని, ఆపేసింది.

ప్రోకోప్ పిండి చేతులతోనే పరిగెత్తుకొచ్చాడు. అతనూ, ఒక వేటగాడూ కలిసి మతౌష్‌ని కిందికి మోసుకెళ్ళారు. కుర్చీలోంచి లేపడానికి కష్టమైంది. ట్సీగ్లర్ టోపీ తీసి పక్కన నిలబడ్డాడు. తరవాత కోట సొత్తు గనక వయోలాని అలమారలో పెట్టి తాళం వేశాడు.

డోరోతా వెంటనే కిందికి వెళ్ళలేదు. మిగిలిన కుర్చీలు ఒక్కొక్కటే ఎత్తి గోడవార పెట్టింది. దొరలు మళ్ళీ వచ్చేసరికి హాలు సర్ది ఉండకపోతే అతని పేరు చెడుతుంది. కిటికీ వైపు కుర్చీని చివరికి తీసింది.

పెద్ద దొరసాని కూర్చున్న చోట, చిన్న బల్ల మీద సగం తాగిన నీళ్ళ గ్లాసు ఉండిపోయింది. కడగాలని చేతిలోకి తీసుకుని, వెలుగుకి ఎదురుగా ఎత్తి చూసింది. కడగకుండానే దాన్ని ఉన్నచోటే పెట్టేసి మెట్లు దిగింది. గాజు మీద గుగ్గిలపు పొడితో తెల్లగా అంటుకున్న నాలుగు వేలిముద్రలు, ఒక్కో వేలి నడుమా అడ్డంగా తీగ నొక్కిన సన్నని గీత.